రెండో రీడింగు

"...నాంపల్లి దాటంగనే మెత్తబడ్తయా సారూ నీళ్లు? గదే బోరు, గదే దినం, గదే బిందె. అవుతల ల్యాబుల నూటా తొంభై నాలుగు, గీడ రెండొందల మూడు. నేను ఏది నమ్మాలె?"

"తొమ్మిది తేడా తేడానే కాదమ్మా. నీళ్లు చూసుడు బంగారం తూసుడు కాదు."

"మీకు కాదు. రెండొందలు దాటంగనే ఎర్రసిరా ముద్ర మాత్రం మంచిగ గుద్దుతరు. గా ముద్రను నోటీసు బోర్డు మీద చూసి నలుగురు పిల్లలు రూములు ఖాళీ చేస్తమంటున్నరు. ఒక పిల్లయితే తన వెంట్రుకలు ఊడేది నా బోరు వల్లనే అని హాస్టలంతా చెప్తున్నది."

అహల్య మెట్లెక్కి వచ్చేసరికి మాటలు ఇంత దూరం వచ్చాయి. చెప్పులు విడిచి, తెల్లకోటు తొడుక్కుంటూ తలుపు దగ్గరే ఆగింది. నాంపల్లి స్టేషన్ ఎదుటి సందులో, కింద సూట్‌కేసుల దుకాణం, పైన మంచినీళ్లు పరీక్ష చేసే ఈ ల్యాబు. కౌంటరు అవతల నిలబడ్డ సౌభాగ్య రెండు సందుల అవతల ఆడపిల్లల హాస్టల్ నడుపుతుంది. ప్రతి సోమవారం బోరునీళ్లు సీసాలో పట్టి పంపిస్తుంది. ఇవతల రామచందర్. ముప్పై రెండేళ్ల సర్వీసు, ఇంకో ఏడు నెలల్లో రిటైర్మెంటు. ఆయన రాసిన అంకెను ఎవరైనా తప్పంటే ఆయన గొంతు పెంచడు, తగ్గిస్తాడు.

"నేనొక్కన్నే చూసి రాసిన అనుకుంటున్నవా? ఇద్దరం చూసినం. నాది పది పాయింట్ ఒకటి ఐదు, అహల్యది పది పాయింట్ ఒకటి. రెండు జతల కండ్లు ఒక్క తీరుగ తప్పు చూస్తయా? అదిగో వచ్చింది, అడుగు. ఏం అహల్యా?"

"ఔ సార్," అంది అహల్య.

సౌభాగ్య ఇద్దర్నీ మార్చి మార్చి చూసింది. "ఇద్దరూ ఒక్క బడిలనే చదువుకున్నట్టున్నరు," అని రిపోర్టు మడిచి సంచిలో వేసుకొని దిగిపోయింది.

ఆ మాటలో అబద్ధమేమీ లేదు. అహల్యకు ఈ పని నేర్పింది రామచందరే. ఇరవై ఒకటో ఏట, బీఎస్సీ ఫలితాలు వచ్చిన నెలకే గాజుసామాను కడిగే పనికి చేరిందామె. ఎమ్మెస్సీ సీటు వరంగల్‌లో వచ్చింది గానీ, సుల్తాన్ బజార్‌లో ఒక స్కూల్లో గుమస్తాగా చేసే తండ్రికి కూతుర్ని ఊరుదాటించి హాస్టల్లో ఉంచడానికి మనసొప్పలేదు. ఏడాదిపాటు ఆమె కుప్పెలు కడగడం చూశాక, రామచందర్ ఒకరోజు పక్కన నిలబెట్టుకుని నీళ్ల గట్టిదనం, అంటే హార్డ్‌నెస్ చూడటం నేర్పాడు.

చూడటానికి చిన్న పనే. యాభై మిల్లీలీటర్ల నీళ్లు గాజుకుప్పెలోకి కొలిచి చిటికెడు రంగుపొడి వేస్తే, నీళ్లు ద్రాక్షరసంలా ఎర్రబడతాయి. పైన బిగించిన సన్నటి గాజుగొట్టం, దాన్నే బ్యూరెట్టు అంటారు, అందులోంచి మందు చుక్కచుక్కగా వదులుతూ కుప్పెను తిప్పుతూ ఉండాలి. ఎరుపు కాస్తా వంకాయ రంగుకు తిరుగుతుంది. తర్వాత ఒకానొక చుక్కకు శుభ్రమైన నీలం వచ్చేస్తుంది. అక్కడ ఆపి, ఎంత మందు పట్టిందో గొట్టం మీద చదవాలి. ఎంత ఎక్కువ పడితే నీళ్లు అంత గట్టివని లెక్క. ఆ కొలతను ఇరవైతో గుణిస్తే రిపోర్టులో వేసే అంకె.

"రంగును చూడకు బిడ్డా, రంగు మారుడును చూడు," అనేవాడు రామచందర్, కుప్పె కింద తెల్లటి పలక జరుపుతూ. "రంగు మోసం చేస్తది. మారుడు మోసం చెయ్యది."

ఇరవై ఏళ్లలో అహల్య ఎన్ని వేలసార్లు ఆ మారడాన్ని చూసిందో ఆమెకే తెలియదు.

ల్యాబులో ఇంకో పద్ధతి ఉంది. ప్రతి పదో సీసాను రెండో మనిషి మళ్లీ మొదట్నుంచి చూడాలి. పుస్తకంలో రెండు అంకెలూ పక్కపక్కన రాసి, ఎదురుగా ఇద్దరి పొడి అక్షరాలూ వెయ్యాలి. పన్నెండేళ్ల కింద ఒక మేనేజరు ఉండేవాడు. రెండు అంకెలకూ పొసగకపోతే ఆ పూట సీసాలన్నీ మళ్లీ చేయించేవాడు, సాయంత్రం ఏడైనా ఇళ్లకు కదలనిచ్చేవాడు కాదు. అప్పట్నుంచి రెండోసారి చూసేవాళ్లు కుప్పె చేతిలోకి తీసుకుంటూనే "ఎంతొచ్చింది?" అని అడగటం అలవాటైంది. దాన్ని తప్పని ఎవరూ అనుకోలేదు. పక్కింటి గడియారం చూసి మన గడియారం ముల్లు దిద్దుకోవటం లాంటిదే అనుకున్నారు. ఆ మేనేజరు వెళ్లిపోయాడు, అలవాటు ఉండిపోయింది.

అహల్యకు ఇంకో చదువు కూడా ఉంది. దానికి బడీ లేదు, పంతులూ లేడు.

ఆరేళ్ల కింద తనిఖీకి వచ్చిన ఒకాయన, పోయిన ఏడాదంతా చూస్తే ఈ పేట నీళ్లు మంచికా చెడుకా, ఎటు పోతున్నాయో చెప్పండి అన్నాడు. పుస్తకాలున్నాయి, అంకెలున్నాయి, ఎటు పోతున్నాయో మాత్రం ఎవరికీ తెలియదు. అహల్య నాలుగు రోజులు కాలిక్యులేటర్ పట్టుకుని నెలనెలా సగటులు కట్టి, గళ్లకాగితం మీద గీత గీసి ఇచ్చింది. ఆయన దాన్ని చూసి, "చాలా ఓపికగా చేశారమ్మా, కంప్యూటర్ అయితే ఇది రెప్పపాటు పని," అన్నాడు. ఎగతాళిగా అనలేదు. అందుకే ఆ మాట లోపల ఎక్కడో దిగబడింది.

ఆ ఆదివారం అబిడ్స్ ఫుట్‌పాత్ మీద పరిచిన పుస్తకాల్లో అట్టలేని స్టాటిస్టిక్స్ పుస్తకం ఒకటి దొరికింది. అంతకుముందు దాన్ని చదివిన కుర్రాడెవరో లెక్కల పక్కన పెన్సిల్‌తో జవాబులు రాసిపెట్టాడు. అహల్య ప్రతి లెక్కా చేసి అతని జవాబుతో పోల్చుకునేది. నాలుగో అధ్యాయం నుంచి అతను తప్పులు చెయ్యడం మొదలుపెట్టాడు. ఏడో అధ్యాయంలో అతని పెన్సిల్ ఆగిపోయింది. అక్కణ్నుంచి ఆమె ఒక్కతే నడిచింది.

ల్యాబులో నీళ్లు ఆవిరిచేసి మిగిలిన ఉప్పును ఓవెన్లో ఆరబెట్టడానికి గంట పడుతుంది. ఆ గంటసేపు మూలనున్న పాత కంప్యూటర్ ఖాళీ. రోజుకొక గంట చొప్పున పాత పుస్తకాల్లోని అంకెలన్నీ అందులో ఎక్కించింది. ఫోన్లో పాఠాలు చూసి, చెయ్యాల్సిన ఆదేశాలు ముందే నోటుబుక్కులో రాసుకుని, గంట మొదలవగానే కొట్టేది. మొదటిసారి ఫ్లోరైడ్ సగటు తీసినప్పుడు నాంపల్లి నీళ్లంత మంచి నీళ్లు దేశంలో లేవని తేలింది. మూడు రోజులు సంబరపడ్డాక తెలిసింది, పుస్తకంలో "కనిపించలేదు" అని రాసిన చోటల్లా కంప్యూటర్ సున్న వేసుకుందని.

"నీ లెక్కల నాంపల్లి బోర్లన్నీ గంగాజలమే అయినయి," అని రామచందర్ వారంపాటు నవ్వాడు.

లేకపోవడం వేరు, కనిపించకపోవడం వేరు. ఇరవై ఏళ్లు ఆ రెండో మాటను చేత్తో రాస్తూ కూడా దాని బరువు ఆమెకు అప్పుడే తెలిసింది.

మార్చి మొదటి వారంలో అబిడ్స్ మెయిన్ ఆఫీసు నుంచి ఒక కాగితం వచ్చింది. ఏడు బ్రాంచీల అంకెలన్నీ ఒకచోట పెట్టి చూసే కొత్త పోస్టు ఒకటి పెడుతున్నారు. సైన్సు డిగ్రీ ఉంటే చాలు. డేటా కోర్సు సర్టిఫికెట్ లేనివాళ్లు సొంతంగా చేసిన పని ఒకటి తెచ్చి చూపించవచ్చు. చివర్న, పనిలో లోపం మీద విచారణ ఉన్నవాళ్లు అర్హులు కారు అని ఒక వాక్యం. అన్ని కాగితాల్లోనూ ఉండే వాక్యమే కదా అని దాటేసి, అహల్య పేరిచ్చింది. ఇంటర్వ్యూ ఈ గురువారమే.

ఇన్నాళ్లూ ఆమెను అడిగినవాళ్లందరూ అంకె ఎంత అనే అడిగారు. ఆ అంకె ఏమంటోంది అని అడిగే కుర్చీ అది. ఆ కుర్చీ కావాలని ఆమె ఇంట్లో కూడా గట్టిగా అనలేదు గానీ, రెండు వారాలుగా ఆమెకు వేరే ధ్యాస లేదు.

సౌభాగ్య వెళ్లిపోయిన ఆ సోమవారం మధ్యాహ్నం, ఓవెన్ గంట మొదలవగానే అహల్య హాస్టల్ బోరు అంకెలు తీసింది. వారంవారం తప్పకుండా నీళ్లు పంపే చోట్లు పద్నాలుగు ఉన్నాయి. బోరునీళ్లు పాలలా పూటకో తీరుగా ఉండవు. నెలలకు గాని కదలవు. కానీ తెరమీద హాస్టల్ చుక్కలు ఎగిరెగిరి పడుతున్నాయి. ఫిబ్రవరిలో రెండు వారాలు బాగా కిందికి దిగాయి. వాన పడిందేమో అనుకుంది. ఫిబ్రవరిలో వాన ఎక్కడిది? అప్పుడు గుర్తొచ్చింది, కూతురి కాన్పుకని రామచందర్ పన్నెండు రోజులు కరీంనగర్‌లో ఉన్నాడు.

మొదట ఎవరు చూశారో దాన్నిబట్టి చుక్కలకు రంగు వేయించింది. రామచందర్ ముందు చూసినవి ఎరుపు, తను ముందు చూసినవి ఆకుపచ్చ. పెళ్లిలో మగపెళ్లివారూ ఆడపెళ్లివారూ విడివిడిగా కూర్చున్నట్టు, ఎర్ర చుక్కలన్నీ పైన, పచ్చ చుక్కలన్నీ కింద. పోయిన జూన్ దాకా రెండూ కలిసే ఉన్నాయి. అక్కణ్నుంచి ఎరుపు మెల్లగా పైకి జరుగుతూ వచ్చి ఎనిమిది, తొమ్మిది దగ్గర నిలబడింది. పద్నాలుగు చోట్లకూ అలాగే గీయించింది. పద్నాలుగూ అదే మాట చెప్పాయి.

ముందు సంతోషమే కలిగింది. ఆరేళ్ల చదువులో మొదటిసారి, ఎవరికీ తెలియనిది ఒకటి ఆమెకు తెలిసింది. గురువారం చేతిలో పెట్టుకుని వెళ్లడానికి ఇంతకంటే ఏం కావాలి? ఆ సంతోషం ఓవెన్ గంట మోగేదాకా ఉంది. వేడి గిన్నెలు పటకారుతో తీస్తుంటే పక్కనుంచి రామచందర్, "చెయ్యి పైలం," అన్నాడు. రోజూ అనే మాటే.

ఆమె భర్త ప్రహ్లాద్ సుల్తాన్ బజార్‌లో చీరల దుకాణంలో సేల్స్‌మన్. ఆ సాయంత్రం అన్నం తింటూ అతను ఎప్పట్లాగే దుకాణం ముచ్చట్లు చెబుతున్నాడు.

"మా పెద్ద సేటు సంగతి నీకు చెప్పలే గదా. దసరాకు ఒకామె ముదురు నీలం చీర అడిగితే నల్లది కట్టిచ్చిండు. పెండ్లికి నల్లచీర కట్టాల్నా అని ఆమె దుకాణం నెత్తిమీదికి తెచ్చింది. ఈయనేమో నీలమే అని ఒట్టు. వాకిట్లకు, ఎండకు పట్టుకపోయి చూపిచ్చినా నీలమే అంటడు. ఆఖరుకు కంట్ల శుక్లమని తేలింది. మొన్న ఆపరేషన్ అయినంక వచ్చి, దుకాణానికి కొత్త రంగులు ఎప్పుడేసిన్రురా అన్నడు."

అహల్య చెయ్యి కంచంలో ఆగింది. "అన్ని రంగులూ అట్లనేనా ఆయనకు?"

"నీలంతోనే ఎక్కువ ఆగమట. కంట్ల గాజు పసుపుబారినట్టు అయితదని చెప్పిండు డాక్టరు. ఎందుకు, మీ ల్యాబుల ఎవరన్నా నల్లచీర అమ్మిన్రా?"

అతను నవ్వుతూ ఇంకొంచెం పప్పు వేసుకున్నాడు.

మంగళవారం ఉదయం ఆమె ఇంతకుముందు ఎన్నడూ చెయ్యని పని చేసింది. వచ్చేదారిలో హాస్టల్ బోరునీళ్లు క్యానులో పట్టుకొచ్చి, ఆ ఒక్క క్యానులోంచే ఆరు సీసాల్లో పోసి, ఆరింటికీ ఆరు వేరే నంబర్లు వేసి, మిగతా సీసాల మధ్య అక్కడొకటి ఇక్కడొకటి పెట్టింది. రామచందర్ రాకముందే ఆ నీళ్లను తను మూడుసార్లు చూసింది. తొమ్మిది పాయింట్ ఏడు, మళ్లీ అదే, తొమ్మిది పాయింట్ ఏడు ఐదు. రోజంతా ఆయన మామూలుగా పనిచేశాడు. పాత హిందీ పాటేదో కూనిరాగం తీస్తూ, కుప్పెలు తిప్పుతూ, అంకెలు రాస్తూ. ఆరు సీసాలకూ పది పాయింట్ ఒకటికీ పది పాయింట్ రెండుకీ మధ్యే వచ్చాయి. ఆయన చెయ్యి వణకలేదు. ఒకే నీళ్లకు ఆరుసార్లూ దాదాపు ఒకే అంకె. తప్పు కూడా అంత నికరంగా చేస్తున్నాడు.

ఆ మధ్యాహ్నపు గంటలో ఆమె కంప్యూటర్‌ను ఇంకో ప్రశ్న అడిగింది. ఇంత తేడా ఉంటే ఇన్నాళ్లూ రెండో రీడింగు ఎందుకు పట్టుకోలేదు? రెండో అంకె మొదటిదానికి ఎంత దూరంలో ఉందో తీయించింది. ఇద్దరు మనుషులు చూస్తే బ్యూరెట్టు మీద ఒక గీతో రెండు గీతలో తేడా రావాలి, ఒకసారి ఇటు, ఒకసారి అటు. పట్టిక మొత్తం సగం గీత దాటలేదు. తొమ్మిది నెలలుగా దాటలేదు. రామచందర్ ముందు చూస్తే రెండో అంకె పైన, తను ముందు చూస్తే రెండో అంకె కింద. ఎవరు ముందు చూస్తే వాళ్ల వెనకే రెండోవాళ్లు వెళ్లారు.

రెండో గడిలో ఎక్కువచోట్ల ఉన్న పొడి అక్షరం "అ".

అప్పుడు ఆమెకు కంటికి కట్టినట్టు కనబడింది. హాస్టల్ సీసాయే. ఎంతొచ్చింది సార్ అని తను అడగటం, పది పాయింట్ ఒకటి ఐదు అని ఆయన అనటం. తొమ్మిది పాయింట్ ఏడు దగ్గర కుప్పెలో నీలం వచ్చింది. వచ్చిందని ఆమె కన్ను చూసింది. ఇంకా రాలేదేమోలే అని చెయ్యి మరికొన్ని చుక్కలు వదిలింది. ఒక్కసారి కాదు. ఎన్నిసార్లో తెరమీద ఉంది.

రెండు కాగితాలు ప్రింటు తీసుకుంది. ఎరుపు, పచ్చ చుక్కలది ఒకటి. రెండో రీడింగులది ఒకటి. మొదటి కాగితం ఆమె పనితనం చెబుతుంది. రెండోది చూపిస్తే నోటీసులోని చివరి వాక్యం ఆమెకే తగులుతుంది, గురువారం అక్కడితో అయిపోతుంది. రెండోది చూపించమని అడిగేవాళ్లు ఎవరూ లేరు. అలాంటిది ఒకటుందని ఈ లోకంలో ఆమెకు తప్ప ఎవరికీ తెలియదు.

బుధవారం మధ్యాహ్నం అన్నం తిని డబ్బాలు కడుక్కుని వచ్చాక, కిటికీ దగ్గర బల్ల మీద మొదటి కాగితం పెట్టింది.

"ఏంది, గురువారం ముగ్గా?" అన్నాడు రామచందర్. కళ్లజోడు సర్దుకుని చూశాడు. చాలాసేపు చూశాడు. "ఎర్రయి నావా?"

"ఔ సార్."

"రంగుపొడి పాతది కావచ్చు."

"ఇద్దరం ఒక్క డబ్బీలదే వాడినం సార్."

"మందు బలం తగ్గితే ఎక్కువ పడ్తది."

"తగ్గితే నాకూ ఎక్కువే పడాలె. ప్రతి సోమవారం సరిచూస్తున్నం."

"మరి అంకె ముందే తెలిసిన ద్రావణం? ప్రతి నెల రెండొందలది చూస్తున్నం గదా. నాకు రెండొందలే వస్తుంది."

"రెండొందలని సీసామీద రాసుంటది సార్."

ఆయన తల ఎత్తాడు. గొంతు తగ్గింది. "మరి ఎట్ల తేల్చినవ్?"

"నిన్న మీరు చూసినవాటిల ఆరు సీసాలు ఒక్కటే నీళ్లు. నంబర్లు నేను మార్చిన."

"అంటే సీసాలకు దొంగపేర్లు పెట్టి నాకు పరీక్ష పెట్టినవ్."

"పెట్టిన సార్."

సందులో ఆటోవాడెవడో హారన్ కొడుతూనే ఉన్నాడు. రామచందర్ లేచి బెంచి దగ్గరికి వెళ్లాడు. కుప్పెలోకి నిన్నటి హాస్టల్ నీళ్లు కొలిచి, పొడి వేసి, బ్యూరెట్టు కింద పెట్టాడు. "రా," అన్నాడు. "నేను ఇడుస్తుంట. నీకెప్పుడొస్తే అప్పుడు చెప్పు."

చుక్కలు పడుతున్నాయి. ఎరుపు వంకాయ రంగుకు తిరిగింది. అహల్య కుప్పె మీదికి వంగి చూస్తోంది.

"వచ్చింది సార్."

ఆయన ఆపి, గొట్టం చూశాడు. తొమ్మిది పాయింట్ ఏడు. కుప్పెను కిటికీ వెలుతురుకు ఎత్తాడు, తెల్లపలక మీద పెట్టాడు, మళ్లీ ఎత్తాడు. "నాకింకా ఊదానే ఉన్నది," అన్నాడు. ఒక్కో చుక్కే వదులుతూ పోయాడు. పది పాయింట్ ఒకటి దగ్గర తనే ఆగాడు. "నాకిప్పుడొచ్చింది."

ఇద్దరూ ఆ కుప్పెను చూస్తూ నిలబడ్డారు. ఆమెకు ఎప్పుడో వచ్చేసిన నీలం, ఆయనకు ఇప్పుడే వచ్చిన నీలం, ఒకే కుప్పెలో.

"అహల్యా," అన్నాడు. "ఇప్పుడు వచ్చింది సార్ అన్నవ్. గీ తొమ్మిది నెలలల్ల ఒక్కపారన్నా ఎందుకనలే?"

ఆమె రెండో కాగితం తీసి ఇచ్చింది. చెప్పాల్సింది అందులోనే ఉంది. ఆయన దాన్ని మొదటిదానికంటే త్వరగా అర్థం చేసుకున్నాడు.

"నేను ఎంత చెప్తే అంత తెచ్చినవ్."

"ఔ సార్."

"నువ్వు ముందు చూసినప్పుడు నేను సుతం నీ అంకెకే తెచ్చినట్టుంది గదా ఇందుల. నాకు రానిది వచ్చిందని రాసిన." చిన్నగా నవ్వాడు, నవ్వులో నవ్వు లేదు. "ముప్పై రెండేండ్లు. మారుడు మోసం చెయ్యదని నీకు చెప్పినోన్ని."

కుప్పెను తొట్లో వొంపి, నీళ్లతో కడిగి, బోర్లించాడు. తర్వాత తువాలుతో చేతులు తుడుచుకుంటూ, ఆమెవైపు చూడకుండా అన్నాడు. "రేపు మొదటి కాగితం చూపియ్. నా పేరు పొడి అక్షరాలల్ల కాదు, పూర్తిగ రాయి. నా కంటి సంగతి సుతం చెప్పు. నేనెట్లాగూ పొయ్యేటోన్నే, కంటి దవాఖానకు పోత, ఆపరేషన్ అంటే చేపిచ్చుకుంట. రెండోది చింపెయ్. ఇద్దరు మునిగితే ల్యాబుకేమొస్తది? గా కుర్చీల నువ్వు గూసుంటే నాలాంటోడు ఇంకో బ్రాంచిల ఉన్నా పట్టుకుంటవ్."

"మీకు ఫికర్ లేదా సార్?"

"ఉన్నది. ఉన్నదని చెప్తే ఏమైతది?"

అహల్య రెండు కాగితాలూ తీసుకుంది. రెండోదాన్ని చింపలేదు. చింపనని కూడా చెప్పలేదు. ఆ పూట మిగిలిన సీసాలన్నీ ఆమె ఒక్కతే చూసింది. రామచందర్ పక్కన కూర్చుని అంకెలు రాశాడు.

గురువారం ఆమె నాంపల్లి నుంచి అబిడ్స్‌కు నడిచే వెళ్లింది. పెద్ద పోస్టాఫీసు దాటి మెయిన్ ఆఫీసు మెట్లెక్కేదాకా రామచందర్ మాటనే తిరగేస్తోంది. అది స్వార్థపు మాట కాదు. తెలివితక్కువ మాట కూడా కాదు. ఆ కుర్చీలో కూర్చుంటే నిజంగానే ఏడు బ్రాంచీల్లో ఇలాంటివి పట్టుకోవచ్చు. ఆ లెక్కలో తప్పెక్కడుందో వెతుకుతూ ఆమె వెయిటింగ్ రూములో కూర్చుంది. పక్క కుర్చీలో ఒక అమ్మాయి, ఒళ్లో లాప్‌టాప్, పక్కన మూడు సర్టిఫికెట్ల ఫైలు. ఆ అమ్మాయి నవ్వి, "మీరే కోర్సు చేశారాంటీ?" అంది. ఓవెన్ కోర్సు అని నోటిదాకా వచ్చింది. ఏదీ చెయ్యలేదమ్మా అని చెప్పింది.

లోపల ఇంటర్వ్యూ చేసింది క్వాలిటీ విభాగం పెద్ద చంద్రికా మేడం. పదేళ్లు బెంచి మీద పనిచేసి పైకి వచ్చిన మనిషి. ఎర్ర, పచ్చ చుక్కల కాగితాన్ని చేతిలోకి తీసుకుని, కుర్చీ ముందుకు జరుపుకుంది.

"ఇది మీరు ఎక్కడ నేర్చుకున్నారు?"

"ల్యాబులోనే మేడం. తప్పులు చేస్తూ."

"మొదట చూసినవాళ్లను బట్టి రంగు వెయ్యాలని ఎలా తోచింది?"

అహల్య ఫిబ్రవరి సంగతి చెప్పింది, ఆరు సీసాల సంగతి చెప్పింది. కంటి సంగతి రామచందర్ చెప్పమన్నాడని చెప్పి మరీ చెప్పింది. మేడం మధ్యలో ఆపలేదు. కాగితం అంచున పెన్సిల్‌తో ఏదో రాసుకుంది.

"ఎన్ని రిపోర్టులు?"

"పోయిన జూన్ నుంచి సార్ మొదట చూసినవి మూడు వందల పన్నెండు. అందులో రెండొందల గీతకు కింద ఉండాల్సినవి పైకి పోయి ముద్ర పడ్డవి పదకొండు."

"చాలా మంచి పని," అంది మేడం. "నిజంగా. సర్టిఫికెట్లున్నవాళ్లు ఇవాళ ముగ్గురు వచ్చారు. వాళ్లెవరూ ఒక కొత్త ప్రశ్న వెయ్యలేదు." పెన్సిల్ కింద పెట్టి, మళ్లీ తీసుకుంది. "ఒక్కటి అర్థం కాలేదు. ప్రతి పదో సీసాను రెండో మనిషి చూడాలి కదా. ఎనిమిది, తొమ్మిది తేడా ఉంటే మొదటి నెలలోనే దొరికిపోవాలి. రెండో రీడింగు చేసింది ఎవరు?"

అహల్య సంచిలోంచి రెండో కాగితం తీసి, మొదటిదాని పక్కన పెట్టింది.

"నేనే మేడం. ఎంతొచ్చిందని ముందే అడిగి, నాకు నీలం వచ్చాక కూడా చుక్కలు వేశాను. రామచందర్ సార్‌తో పాటు నా మీద కూడా విచారణ రాయండి. ఈ పోస్టుకిచ్చిన నా పేరు తీసేయండి. ఆ పదకొండు చోట్లకూ రేపు ఉత్తరాలు పంపిస్తున్నాను, నా సంతకంతో."